బాలయోగిగారును అమలాపురము ఓటును

ఒకనాడు పౌరశాస్త్రపు తరగతిలో, 1999వ సంవత్సరము ఏప్రిల్ 17వ తేదీని లోక్‌సభలో శ్రీ అటల్ బిహారీ వాజపేయిగారి మంత్రివర్గము ఒకే యొక ఓటు తేడాచే పడిపోయిన సంగతి చెప్పుచుంటిని. విశ్వాస తీర్మానమునకు అనుకూలముగా 269, ప్రతికూలముగా 270 అని నల్లబల్లమీద వ్రాసి వెనుకకు తిరుగునంతలో, కడపటి బల్లమీది బాలుడొకడు లేచి, "మాష్టారూ! అప్పుడు మన అమలాపురం మెంబరు ఎవరండీ? ఆయన ఎటు ఓటు వేశారండీ?" అని యడిగెను.

అప్పటి మన సభ్యులు శ్రీ గంటి మోహనచంద్ర బాలయోగిగారనియు, వారు ఎటును ఓటు వేయలేదనియు చెప్పితిని. తరగతి యంతయు గొల్లుమనెను. "ఆ రోజు సభకు వెళ్లలేదాండీ?" అని మరియొకడు. వెళ్లకేమి, సభలో నందరికంటె ఎత్తైన పీఠముమీద కూర్చుండి, ఆ రెండంకెలను దేశమునకు వినిపించినది వారేయని చెప్పునప్పటికి గంట కొట్టిరి. నాడు చెప్పక మిగిలిపోయిన భాగమును మన పాఠశాలా సంచికలో వ్రాయుదునని ఆ పిల్లలకు మాట యిచ్చితిని. కావున ఈ వ్యాసము ముఖ్యముగా వారికొరకు. పెద్దలు తమకు తెలిసిన సంగతులు మరల చదువవలసి వచ్చినచో ఓర్చుకొందురుగాక.

బాలయోగిగారు 1951వ సంవత్సరము అక్టోబరు 1వ తేదీని ఎదుర్లంకయందు ఒక సామాన్య వ్యవసాయ కుటుంబమున జన్మించిరి. మామిడికుదురు పిల్లలు ఆ యూరిని ఎరుగకపోవచ్చును. మనము వైనతేయమును దాటి, అమలాపురము మీదుగా తూర్పునకు పోయి పోయి, కోనసీమ యొక్క ఆవలి యంచున గౌతమి యొడ్డునకు చేరినచో అది కనబడును. నదికి ఆవలిగట్టున యానాము. ఒకప్పుడు ఫ్రెంచివారిదియు, తరువాత పుదుచ్చేరిలో చేరినదియు నగు ఆ పట్టణము కండ్ల యెదుటనే యున్నను, నడుమ గౌతమి కడలివలె పరచుకొని యుండును. వంతెన లేని దినములలో ఆవలికి పోవలెనన్నచో పడవయో పంటుయో శరణ్యము. బాలయోగిగారి బాల్యమున ఎదుర్లంకలో ప్రాథమిక పాఠశాల యైనను లేదు. అక్షరములు దిద్దుకొనుటకు గుత్తెనదీవికి పోవలసి వచ్చెను. ఇప్పుడు వీధి చివర బడి యుండియు ఆలస్యముగా వచ్చు మన విద్యార్థులు కొందరు ఈ వాక్యమును రెండుమారులు చదువుదురుగాక.

పిమ్మట వారు కాకినాడలోను, విశాఖపట్టణములోని ఆంధ్ర విశ్వకళాపరిషత్తునను చదివి, ఎం.ఏ. పట్టమును, న్యాయశాస్త్ర పట్టమును పొందిరి. 1980లో కాకినాడయందు న్యాయవాద వృత్తి నారంభించిరి. 1985లో మొదటి తరగతి మేజిస్ట్రేటు పదవికి ఎన్నుకొనబడిరి. మన యిండ్లలో ప్రభుత్వోద్యోగమనిన నేమో వేరుగ చెప్పనక్కరలేదు. అందును న్యాయాధికారి పదవి. లంకగ్రామపు దళిత కుటుంబములో పుట్టిన యువకునకు ఆ కుర్చీ దొరకుటే ఊరివారందరును చెప్పుకొనదగిన విశేషము. బాలయోగిగారు కొలదికాలమునకే దానిని విడిచి మరల వకీలు కోటు తొడిగికొనిరి. మరుసటి యేట కాకినాడ సహకార టౌను బ్యాంకునకు ఉపాధ్యక్షులైరి. 1987లో తూర్పుగోదావరి జిల్లా ప్రజా పరిషత్తు అధ్యక్షులుగా ఎన్నికైరి. శ్రీ నందమూరి తారక రామారావుగారు 1982లో స్థాపించిన తెలుగుదేశము పక్షమున వారు పనిచేయుచుండిరి. పాత తాలూకాలు పోయి మండలములు వచ్చిన క్రొత్త దినములవి. జిల్లా పరిషత్తనగా రోడ్లు, బళ్లు, త్రాగునీరు.

1991లో వారు అమలాపురమునుండి పదియవ లోక్‌సభకు ఎన్నికైరి. ఇచ్చట విద్యార్థులకొక మాట చెప్పవలసియున్నది. ఏలయన పెద్దలలో సైతము దీనిని పొరపాటుగా గ్రహించువారు కలరు. అమలాపురము లోక్‌సభా నియోజకవర్గము షెడ్యూల్డు కులములవారికి ప్రత్యేకింపబడినది. దాని యర్థము, ఆ కులములవారు మాత్రమే ఓటు వేయుదురని కాదు. అభ్యర్థి ఆ కులములకు చెందినవాడై యుండవలెను. ఓటు మాత్రము నియోజకవర్గములోని ప్రతి వయోజనునకును కలదు. వేరు వేరు ఓటర్ల జాబితాలు వలదనియు, ఉమ్మడి ఓటర్లచేతనే యెన్నిక జరుగవలెననియు 1932లో పూనాయందు డాక్టరు అంబేద్కరుగారికిని ఇతర నాయకులకును నడుమ జరిగిన ఒడంబడికనుండి ఈ పద్ధతి వచ్చినది. కావున బాలయోగిగారు ఒక కులమునకు కాక, రాజోలునుండి ఎదుర్లంకవరకు గల సకల జనమునకును ప్రతినిధి. వారు గెలిచినప్పుడెల్ల అన్ని వాడలవారి ఓట్లును వారికి కావలసియుండెను.

ఆ అయిదేండ్లలో మన మండలము మరువలేని సంగతి యొకటి జరిగినది. 1995వ సంవత్సరము జనవరి 8వ తేదీని పాశర్లపూడియందలి సహజవాయువు బావి అదుపు తప్పి అంటుకొనెను. మార్చి 15వ తేదీవరకు, 65 దినములు, ఆ మంట ఆరలేదు. ఊళ్లు ఖాళీచేసి పోయినవారు, రాత్రి యను మాటయే మరచినవారు ఇప్పటికిని మన తల్లిదండ్రులలో కలరు. పిల్లలు వారినే యడిగి తెలిసికొనవలెను. కోనసీమ నేలక్రింద నున్న సంపద దేశమునకంతకును పోవుచుండగా అపాయము మాత్రము ఇచ్చటివారికి మిగులుచున్నదను మాట నాటినుండియే గట్టిగా వినవచ్చెను. అట్టి మాట ఢిల్లీలో వినబడవలెనన్నచో అచ్చట మన సభ్యునకొక స్థానము, ఒక గొంతు, ఒక ఓటు ఉండవలెను. ఈ సంగతి జ్ఞాపకముంచుకొనుడు. తరువాత దీనితో పని కలదు.

1996 ఎన్నికలలో బాలయోగిగారు ఓడిపోయిరి. గెలిచినవారు కాంగ్రెసు అభ్యర్థి శ్రీ కె.ఎస్.ఆర్. మూర్తిగారు. అయినను అదే సంవత్సరము ముమ్మిడివరము శాసనసభా స్థానమునకు జరిగిన ఉపయెన్నికలో బాలయోగిగారు గెలిచి, శ్రీ నారా చంద్రబాబునాయుడుగారి మంత్రివర్గమున ఉన్నత విద్యాశాఖామాత్యులైరి. గుత్తెనదీవి బడికి పోయిన బాలుని చేతికి రాష్ట్రపు కళాశాలలు, విశ్వవిద్యాలయములు వచ్చినవి. కాని రెండేండ్లు నిండకముందే, 1998లో, పండ్రెండవ లోక్‌సభకు ఎన్నికలు వచ్చెను. వారు మరల అమలాపురమునుండి నిలిచి గెలిచిరి.

ఆ యెన్నికలలో ఏ పక్షమునకును పూర్తి బలము రాలేదు. భారతీయ జనతా పక్షము పెక్కు చిన్న పక్షములను కూడదీసికొని శ్రీ వాజపేయిగారి నాయకత్వమున మంత్రివర్గము నేర్పరచెను. 12 మంది సభ్యులుగల తెలుగుదేశము మంత్రివర్గములో చేరక వెలుపలనుండి మద్దతు నిచ్చెను. సభాపతి పీఠము ఆ పక్షమునకు దక్కెను. 1998 మార్చి 24వ తేదీని బాలయోగిగారు లోక్‌సభకు సభాపతిగా ఎన్నుకొనబడిరి. అంతకుముందు ఆ పీఠముమీద నుండినవారు శ్రీ పి.ఎ. సంగ్మాగారు, సభనంతటిని నవ్వించుచు నడుపగల దిట్ట. ఆయన తరువాత ఢిల్లీలో పెద్దగా తెలియని పేరొకటి వచ్చెను. అప్పటికి బాలయోగిగారి వయస్సు 46 సంవత్సరములు. అంత చిన్న వయస్సున అంతవరకెవ్వరును లోక్‌సభకు సభాపతి కాలేదు. దళితుడొకడు ఆ పీఠమెక్కుటయు అదియే ప్రథమము. ఆంధ్రదేశమునుండి అంతకుముందు ఇద్దరు ఆ పదవి నిర్వహించిరి: తిరుచానూరున జన్మించిన శ్రీ మాడభూషి అనంతశయనం అయ్యంగారుగారును, తరువాత రాష్ట్రపతియైన శ్రీ నీలం సంజీవరెడ్డిగారును. వారిరువురును స్వాతంత్ర్య సమరమున కారాగారమును చూచివచ్చిన ప్రసిద్ధులు. మన ఎదుర్లంకవారికి అట్టి పూర్వ ప్రసిద్ధి లేదు. అనుభవము కూడ ఒక్క లోక్‌సభాకాలము మాత్రమే.

పని సులభమైనది కాదు. అదే సంవత్సరము జూలైలో చట్టసభలయందు స్త్రీలకు మూడవవంతు స్థానములు ప్రత్యేకించు బిల్లును ప్రవేశపెట్టుటకు నాటి న్యాయశాఖామాత్యులును తమిళనాటి సభ్యులును నగు శ్రీ తంబిదురైగారు పూనుకొనిరి. సభ్యులు కొందరు సభామధ్యమునకు దూకిరి. బిల్లు ప్రతులను లాగి చించివేసిరి. మన బడిలో ఒకడు మరియొకని పుస్తకము చించినచో ఏమి చేయుదుమో అందరకును తెలియును. సభాపతికి బెత్తము లేదు. ఆ స్త్రీల స్థానముల చట్టము చివరకు పార్లమెంటులో నెగ్గినది 2023లో, అనగా పాతికేండ్లకు.

ఇక మన బాలుడడిగిన ప్రశ్నకు వచ్చెదము.

1999 ఏప్రిల్ మాసమున కుమారి జయలలితగారి నాయకత్వమున నున్న తమిళనాటి అన్నా ద్రావిడ మున్నేట్ర కళగము వాజపేయిగారి మంత్రివర్గమునకు తన మద్దతును ఉపసంహరించుకొనెను. సభయందు బలమున్నదో లేదో చూపుడని రాష్ట్రపతి శ్రీ కె.ఆర్. నారాయణన్‌గారు ప్రధానికి సూచించిరి. విశ్వాస తీర్మానముపై చర్చ జరిగి, 17వ తేదీని ఓటింగునకు సభ సిద్ధమయ్యెను. ఎవరి లెక్క వారు వేసికొనుచుండిరి. ప్రతి యొక్క తలయు లెక్కకు వచ్చు దినమది.

అప్పుడొక చిక్కు లేచెను. ఒరిస్సాలోని కోరాపుట్ సభ్యులు శ్రీ గిరిధర్ గమాంగ్‌గారు అంతకు రెండు నెలల క్రిందట, ఫిబ్రవరిలో, ఆ రాష్ట్రమునకు ముఖ్యమంత్రియైరి. కాని లోక్‌సభా సభ్యత్వమునకింకను రాజీనామా చేయలేదు. వారు ఆ దినము సభకు వచ్చి కూర్చుండిరి. ఒక రాష్ట్రమునకు ముఖ్యమంత్రిగా నున్నవారు లోక్‌సభలో ఓటు వేయవచ్చునా? అధికారపక్షము వారు వలదనిరి. నిర్ణయము సభాపతిది.

విద్యార్థులు ఇచ్చట ఒక్క క్షణమాగి బాలయోగిగారి స్థితిని ఊహింపవలెను. వారి పక్షము మంత్రివర్గమును బలపరచుచున్నది. గమాంగ్‌గారి ఓటు మంత్రివర్గమునకు వ్యతిరేకముగా పడునని తెలియని వారెవ్వరును లేరు. ఒక్క మాటతో ఆ ఓటును ఆపివేయుటకు వీలైనట్లు తోచును. వారట్లు చేయలేదు. ఓటు వేయుటయు మానుటయు గమాంగ్‌గారి మనస్సాక్షికే విడిచిపెట్టుచున్నామని చెప్పిరి. గమాంగ్‌గారు ఓటు వేసిరి.

ఇది బలహీనతయని కొందరు నాడును అనిరి, తరువాతను అనుచు వచ్చిరి. సభాపతి తన బాధ్యతను ఇంకొకరి మనస్సాక్షిపై త్రోసివేసెనని వారి యాక్షేపణ. నా యభిప్రాయమట్లు కాదు. రాజ్యాంగమును తెరచి చూతము. ఒకడు పార్లమెంటులోను, రాష్ట్ర శాసనసభలోను ఏకకాలమున సభ్యుడుగా నుండరాదని 101వ అధికరణము చెప్పుచున్నది. గమాంగ్‌గారు ముఖ్యమంత్రియేకాని అప్పటికి శాసనసభ్యులు కారు. శాసనసభ్యుడు కానివాడు ఆరు నెలలవరకు మంత్రిగా నుండవచ్చునని 164వ అధికరణము సెలవిచ్చుచున్నది. కావున వారి లోక్‌సభా సభ్యత్వము చెక్కుచెదరలేదు. సభ్యుడైనవానిని ఓటు వేయవలదనుటకు సభాపతికి ఆధారమెక్కడిది? సభ్యుని యనర్హతనుగూర్చి సందేహము వచ్చినచో, పక్షము మార్చిన సందర్భమున తప్ప, దానిని తీర్చువారు ఎన్నికల సంఘము సలహాపై రాష్ట్రపతియే. అదియు సభాపతి చేతిలోనిది కాదు. ముఖ్యమంత్రి ఆ విధముగా వచ్చి ఓటు వేయుట ఉచితమా యని యడిగినచో, కాదనియే నేనందును. అనుచితము వేరు, నిషిద్ధము వేరు. అనుచితమైన దానిని నిషిద్ధమని ప్రకటించుటకు, అందును దానివలన తన పక్షమునకే లాభము కలుగునప్పుడు, కాకినాడ కచ్చేరీలో తర్ఫీదైన న్యాయవాది ఒప్పుకొనలేదు. మరియొకరైనచో ఏమి చేసియుందురో చెప్పలేము.

ఓట్లు పడెను. 269, 270. పీఠమునుండి సభాపతి ఆ అంకెలు చదివిరి. పదమూడు నెలల మంత్రివర్గము ముగిసినది.

ఇప్పుడు లెక్క. తరగతిలో గణితము బాగుగ తెలిసిన బాలుడొకడు మరునాడు నాయొద్దకు వచ్చి, "బాలయోగిగారు కిందకు దిగి ఓటు వేస్తే 270కి 270 అయ్యేది కదండీ" అనెను. అంకెలవరకు నిజమే. కాని సభాపతి దిగివచ్చి ఓటు వేయుటకు వీలులేదు. మన రాజ్యాంగము 100వ అధికరణము ప్రకారము సభాపతి మొదట ఓటు వేయరాదు. ఇరుపక్షముల ఓట్లును సమానమైనపుడు మాత్రమే తన ఓటుతో తీర్పు చేయవలెను. తక్కెడ ఒక ప్రక్కకు వెంట్రుకవాసి మొగ్గినను ఆ ఓటు పెట్టెలోనుండి వెలికి రాదు. ఆనాడు మొగ్గినది సరిగా ఒక్క ఓటు. సమానమైయుండిన సభాపతి ఓటు కలదు; ఒకటి తేడా వచ్చుటచే లేదు. పార్లమెంటు చరిత్రములో ఇంత సన్నని గీత మరియొకటి నాకు జ్ఞప్తికి రాదు.

బాలయోగిగారు సభాపతి కాక సామాన్య సభ్యుడై యుండినచో? అప్పుడు వేరొకరు ఆ పీఠముమీద కూర్చుండవలెను కదా. వారును మంత్రివర్గమును బలపరచు పక్షమువారే యైనచో వారి ఓటు పోవును, బాలయోగిగారి ఓటు వచ్చును, లెక్క మారదు. ప్రతిపక్షమువారైనచో 270కి 269, మంత్రివర్గము నిలుచును. అనగా, ఏ పక్షము తన మనిషిని ఆ పీఠముమీద కూర్చుండబెట్టునో ఆ పక్షము అంతమాత్రముచేతనే ఒక ఓటును వదలుకొనుచున్నదన్నమాట. సామాన్య దినములలో దీనిని ఎవ్వరును గమనింపరు. 1998 మార్చిలో పీఠము దక్కినందుకు సంతోషించిన కూటమి 1999 ఏప్రిల్‌లో దాని వెల చెల్లించెను. ఆ చెల్లించిన నాణెము అమలాపురము ఓటు. పాశర్లపూడి ప్రజలు, మామిడికుదురు ప్రజలు, రాజోలు ప్రజలు పంపిన ఓటు ఆ దినము అనుకూలుర పట్టికలోను లేదు, ప్రతికూలుర పట్టికలోను లేదు.

ఇది మనకు నష్టమా? ఇంతకుముందు నేను చెప్పిన మాటను తలచుకొనుడు: మన సభ్యునకు ఢిల్లీలో ఒక గొంతు, ఒక ఓటు ఉండవలెనని. సభాపతియైనవాడు చర్చలలో పాల్గొనడు, మంత్రులను ప్రశ్నలడుగడు, తన నియోజకవర్గపు కష్టములను సభలో లేచి చెప్పడు. ఈ విధముగ చూచినచో నాలుగేండ్లు కోనసీమ గొంతు సభలో వినబడలేదు. ఇంగ్లండులో సభాపతి తన పక్షమును పూర్తిగా విడిచిపెట్టును. ఆయన మరల నిలిచినపుడు పెద్ద పక్షములు సాధారణముగా పోటీ పెట్టవు. మన దేశమున సంజీవరెడ్డిగారు 1967లో సభాపతి కాగానే కాంగ్రెసు సభ్యత్వమునకు రాజీనామా యిచ్చిరి. తక్కినవారెవ్వరును ఆ దారి త్రొక్కలేదు. త్రొక్కుటయు కష్టమే, ఏలయన మరుసటి యెన్నికలో పక్షపు గుర్తు లేకున్న మన సభాపతిని గెలిపించు ఆచారమిచ్చట లేదు. బాలయోగిగారును తెలుగుదేశమువారుగానే 1999 ఎన్నికలకు వచ్చిరి. పీఠముమీద పక్షము లేదు, ఊరికి వచ్చినపుడు పక్షము కలదు. ఈ రెండు టోపీలను ఒకే తలపై మోయుట యెంత కష్టమో అనుభవించినవారికే తెలియును. సభాపతి పలుకుబడివలన నియోజకవర్గమునకు పనులు జరుగునని కొందరందురు. ఎంతో కొంత జరుగును గూడ. కాని పలుకుబడి వేరు, ప్రాతినిధ్యము వేరు.

ఆ ఒక్క ఓటును గూర్చి ఇంకొక పొరపాటు దిద్దవలెను. మంత్రివర్గమును పడగొట్టినది గమాంగ్‌గారి ఓటని పలువురందురు. కాశ్మీరపు సభ్యులు శ్రీ సైఫుద్దీన్ సోజ్‌గారు తమ పక్షపు ఆజ్ఞను మీరి వ్యతిరేకముగా వేసిరి. తటస్థముగా నుందురని మంత్రివర్గము నమ్మిన బహుజన సమాజ్ పక్షపు అయిదుగురును వ్యతిరేకముగా వేసిరి. ఒక్క ఓటుతో ఓడినపుడు వేసిన ప్రతి యోటును ఆ యొక్క ఓటే. దూలము విరిగినపుడు కడపటి గడ్డిపోచను నిందించుట తేలిక.

ఏప్రిల్ 26వ తేదీని లోక్‌సభ రద్దయ్యెను. ఎన్నికలకు ముందు వేసవిలో కార్గిల్ యుద్ధము జరిగెను. సెప్టెంబరు, అక్టోబరు మాసములలో జరిగిన ఎన్నికలలో వాజపేయిగారి కూటమి పూర్తి బలముతో తిరిగి వచ్చెను. అమలాపురము ప్రజలు బాలయోగిగారినే మరల పంపిరి. అక్టోబరు 22వ తేదీని సభ వారిని ఏకగ్రీవముగా సభాపతిగా నెన్నుకొనెను. ఆరు మాసముల క్రిందట ఆ రెండంకెలను వారి నోట విన్న ఇరుపక్షములవారును ఆ దినము ఒక్కటైరి. 17వ తేదీ నాటి తీర్పు తప్పో ఒప్పో యని వాదించువారికి నేను చూపు సాక్ష్య మిదియే.

రెండవ మారు వారు చేసిన పనులలో రెండింటిని చెప్పెదను. 2000వ సంవత్సరమున లోక్‌సభ సభ్యుల నడవడిని విచారించుటకు నైతిక ప్రవర్తనా సంఘమును తొలిసారిగా ఏర్పరచిరి. 2001 నవంబరులో ముఖ్యమంత్రులను, చట్టసభాధ్యక్షులను, పక్షనాయకులను ఢిల్లీకి పిలిచి సభామర్యాదలను గూర్చి సదస్సు జరిపిరి. మరుసటి నెల 5వ తేదీని 374-ఏ అను నిబంధన లోక్‌సభ నియమావళిలో చేరెను. సభామధ్యమునకు వచ్చి అల్లరి చేసినవానిని, బుద్ధిపూర్వకముగా సభకడ్డుపడినవానిని సభాపతి పేరు పెట్టి పిలిచినంతనే, వాడు అయిదు సమావేశ దినములకో, ఆ సమావేశములు ముగియువరకో, ఏది తక్కువైన అంతకాలము సస్పెండగును. మృదుస్వభావియని పేరుపొందిన సభాపతి కాలముననే ఇంత కఠినమైన నియమము పుట్టుట వింత. ఈ నియమమునుగూర్చి నాకు రెండు మనస్సులు. అల్లరి తగ్గవలెననుట నిజమే. ప్రతిపక్షమును వెలుపలికి పంపుటకు ఇంత సులభమైన ఆయుధము సభాపతుల చేతిలో నుండుట మంచిదా యనునది వేరు ప్రశ్న. 1999 ఏప్రిల్‌లో బాలయోగిగారు చూపిన వెనుకంజ తరువాతి వారందరియందు నుండునని ఏ నియమమును హామీ యియ్యజాలదు.

ఆ నియమము వచ్చిన ఎనిమిదవ దినమున, 2001 డిసెంబరు 13వ తేదీని, సాయుధులైన అయిదుగురు పార్లమెంటు ఆవరణలో చొరబడి కాల్పులు జరిపిరి. సభలు అంతకుముందే వాయిదా పడియుండెను. వారిని లోనికి పోనీయక రక్షకభటులును, పార్లమెంటు సిబ్బందియు ప్రాణములర్పించిరి.

మూడు నెలలు తిరుగకముందే, 2002 మార్చి 3వ తేదీని, బాలయోగిగారు భీమవరమునుండి హైదరాబాదునకు పోవుచుండగా వారెక్కిన హెలికాప్టరు నాటి కృష్ణాజిల్లాలోని కైకలూరు సమీపమున ఒక చేపల చెరువులో కూలిపోయెను. వారితోపాటు విమానచోదకుడును, అంగరక్షకుడును మరణించిరి. బాలయోగిగారికి అప్పటికి 50 సంవత్సరములు. 1956లో మొదటి సభాపతి శ్రీ మావలంకరుగారు పదవిలో నుండగా మరణించిరి; ఆ విధముగా పోయిన రెండవవారు వీరు. ఆ యేటనే జరిగిన ఉపయెన్నికలో వారి సతీమణి శ్రీమతి విజయకుమారిగారు అమలాపురమునుండి ఎన్నికైరి. 2024లో వారి కుమారులు శ్రీ హరీష్ మాధుర్‌గారు అదే స్థానమున గెలిచిరి.

వారి పేరు ఢిల్లీలో పార్లమెంటు గ్రంథాలయ భవనమునందలి సభామందిరమునకును, హైదరాబాదు గచ్చిబౌలిలోని క్రీడాప్రాంగణమునకును పెట్టబడినది. మనకు దగ్గరిది ఎదుర్లంకనుండి యానామునకు గౌతమిమీద కట్టిన వంతెన. వారు సభాపతిగా నున్న కాలముననే కోటిపల్లినుండి నరసాపురమునకు అమలాపురము మీదుగా రైలుమార్గము మంజూరయ్యెను. గౌతమి, వైనతేయము, వసిష్ఠ, మూడు పాయలను దాటవలసిన మార్గమది. వారు పోయిన ఇరువదియేండ్లకును దానిమీద బండి నడువలేదు. ఏ పని ఎందుకాగునో చెప్పుటకు ఇంకొక వ్యాసము కావలెను.

ఈ వ్యాసమును ముద్రణకు పంపుటకు ముందు, మొదట ప్రశ్న వేసిన బాలునకు చదివి వినిపించితిని. వాడు చివరవరకు విని, "నిజంగా 270కి 270 వచ్చుంటే ఆయన ఎటు వేసేవారండీ?" అనెను. ఇంగ్లండులో ఒక పాత సంప్రదాయము కలదని చెప్పితిని: ఓట్లు సమానమైనపుడు సభాపతి ఉన్న స్థితిని మార్చని వైపు ఓటు వేయవలెను, సభలో లేని ఆధిక్యమును తన ఓటుతో సృష్టింపరాదు. "అయితే ఉన్న స్థితి అంటే మంత్రివర్గం ఉండడమా అండీ, లేక తీర్మానం నెగ్గకపోవడమా అండీ?" అని వెంటనే యడిగెను. మంత్రివర్గము నిలిచియుండుటయు ఉన్న స్థితియే. సభకు విశ్వాసమున్నదను ఆధిక్యము లేకుండుటయు ఉన్న స్థితియే. నాకు తెలియదంటిని. మరునాటి పాఠములో తరగతిని రెండు పక్షములుగా చేసి వాదింపజేసి చివర చేతులెత్తించితిని. 21కి 21 వచ్చినది. అందరును నా వంక చూచిరి.